ఒక్క వేసవిలో లేచిన బురుజు

అనగనగా ఒక రాజు. కథల్లో రాజుల్లాగా ఆయనకు ఏడుగురు కొడుకుల్లేరు, ఒక్కడే. రాజు పేరు వీరభూపతి, కొడుకు పేరు సోమదేవుడు, ఊరు కంకణగిరి.

ఆ ఊరి కొండ మీద ఆయన కట్టించిన ఎత్తైన నగారా బురుజు ఉండేది. దాన్ని చూడడానికి దూరదేశాలవాళ్లు బండ్లు కట్టుకొని వచ్చేవారు. దాని చరిత్రను పిల్లలు చదువుకొనేలా ఒక పుస్తకం రాయమని రాజు పాఠశాల పంతులమ్మ సూరాంబను ఆజ్ఞాపించాడు.

ఆమె ఉన్నదున్నట్టు రాసింది. రాజు తొందరపెడితే మేస్త్రీలు సున్నం సరిగా నానకముందే కట్టారనీ, వానలకు బురుజు కూలి పనివాళ్లు చనిపోయారనీ వాళ్ల పేర్లతో సహా రాసింది. తరువాత సున్నం బాగా నానబెట్టి, గానుగలో రుబ్బి, ఏళ్లతరబడి నిదానంగా మళ్లీ కట్టారనీ రాసింది.

రాజు చదివి మొహం చిట్లించాడు.

"చచ్చినవాళ్ల పేర్లు ఎందుకమ్మా? పసివాళ్లు జడుసుకుంటారు" అన్నాడు. నిజమే కాబోలనుకొని ఆమె పేర్లు తీసేసింది.

"కూలిన సంగతి మాత్రం ఎందుకు?" అన్నాడు. మనసొప్పకపోయినా అదీ తీసేసింది.

"ఇక ఒక్క వేసవిలో కట్టించానని రాయి. వినడానికి బాగుంటుంది" అన్నాడు.

"ఉన్నది తీసేశాను, అదే తప్పు. లేనిది రాయలేను ప్రభూ" అంది సూరాంబ.

రాజు ఆమెను కొలువులోంచి తీసేశాడు. అడిగిందే తడవుగా రాసిచ్చేవాళ్లకు ఆస్థానంలో కరువా? పుస్తకం తయారైంది. ఊళ్లో పిల్లలంతా దాన్ని కంఠతా పట్టారు. వాళ్లలో సోమదేవుడూ ఉన్నాడు.

అతను పెద్దవాడయ్యాడు. నది ఒడ్డున తానూ ఒక బురుజు కట్టించబోయాడు. "సున్నం ఇంకా నానాలి దొరా" అని మేస్త్రీలు బతిమాలితే నవ్వాడు.

"మా నాయనగారు ఒక్క వేసవిలో కట్టించారు. చిన్నప్పుడే చదువుకున్నాను" అన్నాడు.

ఆ మాట ముసలిరాజు చెవిన పడింది. పునాది వేసినప్పుడు నిజం చెబుదామనుకున్నాడు, కొడుకు ముందు పరువు పోతుందని ఊరుకున్నాడు. గోడలు సగం లేచాక చెబుదామనుకున్నాడు, నోరు రాలేదు. పై అంతస్తు వేస్తున్నారని విని, ఇక ఆగలేక పల్లకీ ఎక్కాడు. దారిలోనే వాన మొదలైంది. ఆయన వెళ్లేసరికి బురుజు లేదు. రాళ్ల కింద పనివాళ్లతోపాటు సోమదేవుడున్నాడు.

అయ్యో, ఆ తండ్రి ఏడుపు పగవాడు కూడా వినలేడు.

కర్మకాండ ముగిశాక రాజు సూరాంబ ఇంటికి నడిచి వెళ్లాడు. జరిగిందంతా దాచకుండా రాయమని వేడుకున్నాడు. ఆమె రాసింది. ఆయన ఆ పుస్తకాన్ని తానే బడికి తీసుకెళ్లి, పిల్లల మధ్య కూర్చొని చదివి వినిపించాడు. కొడుకు సంగతి ఉన్న పుటను కూడా వదలకుండా చదివాడు.

ముందు వరుసలోంచి ఒక చిన్నపిల్ల లేచింది.

"మరి ఆయనకు మీరు ముందే ఎందుకు చెప్పలేదు తాతగారూ?" అని అడిగింది.



పెద్దలు సిగ్గుపడి దాచిన తప్పును పిల్లలు తెలియక మళ్లీ చేస్తారు.