తొంభై తొమ్మిది ముంతలు

రండి, రండి. చెప్పులు గడప అవతల విడిచి, దగ్గరికి జరిగి కూర్చోండి. ముందువాళ్ళు మోకాళ్ళు ముడుచుకుంటే వెనకవాళ్ళకి చోటు దొరుకుతుంది. ఇందాక మన లోహిత ఒక మాట అడిగింది. ఫోనులో వింతజంతువుల్ని పట్టే ఆట ఆడిందట. పట్టాల్సినవి పట్టేసిందట. ఆఖరి వీరుణ్ణి ఓడించేసిందట. కథ అయిపోయిందని తెర మీద పేర్లు కూడా పడ్డాయట. "ఇప్పుడేం చెయ్యాలి మాస్టారూ?" అంటోంది.

నాకు ఫోను ఆటలు తెలియవమ్మా. కానీ సరిగ్గా ఆ ప్రశ్నతోనే తిండి సహించక తిరిగిన ఒక పిల్ల సంగతి తెలుసు. చెబుతాను, వినండి.

అనగనగా, వాగులు ఒకదాన్నొకటి పేరు పెట్టి పిలుచుకునే కాలంలో, మబ్బుకోట అని ఒక రాజ్యం ఉండేది. ఆ రాజ్యపు అడవుల నిండా వింతజీవులే. తోకలో నిప్పున్న ముంగిస, కొమ్ముల్లో ఉరుము దాచుకున్న దున్న, రాళ్ళు నమిలే తాబేలు. వాటిని పట్టి, మచ్చిక చేసి, పోటీలకు దింపడం అక్కడివారి విద్య.

పట్టిన జీవిని ఇరుకు మూతి ఉన్న మట్టిముంతలో ఉంచేవారు. ఎంత పెద్ద జీవైనా ముంతలోకి వెళ్ళగానే గుప్పెడంత అయ్యేది. ముంత వెచ్చగా ఉంటే లోపలి ప్రాణి క్షేమంగా ఉన్నట్టు. పోటీకి వెళ్ళేవాళ్ళు కావడికి ఆరు ముంతలే కట్టుకోవాలి, ఏడోది కూడదు. మిగతావన్నీ ఇంటి అటక మీద ఉండేవి.

ఆ రాజ్యంలో నూకాలు అనే పిల్ల పదహారో ఏట ఒక్క ముంతతో ఇల్లు విడిచింది. నాలుగేళ్ళు కొండలూ కోనలూ తిరిగింది. చివరికి పన్నెండేళ్ళుగా ఓటమి ఎరగని గవర్రాజును మబ్బుకోట బరిలో ఓడించింది. జనం ఆమెను భుజాల మీద ఎత్తుకుని ఊరేగించారు. డప్పులు మోగాయి. పూలు కురిశాయి.

మర్నాడు తెల్లవారింది. నూకాలు లేచి కూర్చుంది. వెళ్ళాల్సిన కొండ లేదు. గెలవాల్సిన మనిషి లేడు. వీధిలోకి వెళ్ళింది, లోపలికి వచ్చింది. మళ్ళీ వీధిలోకి వెళ్ళింది.

ఇంట్లో ఉన్నది పెద్దమ్మ అచ్చియ్యమ్మ ఒక్కతే. ఆవిడ చేట పక్కన పెట్టి, "కాలుగాలిన పిల్లిలా ఏమిటే ఆ తిరగడం? గెలిచావుగా, కూర్చుని ఓ ముద్ద తిను" అంది.

"గెలిచాక ఏం చేస్తారు పెద్దమ్మా?"

"నేనెప్పుడు గెలిచానమ్మా, నాకు తెలియడానికి?"

అంతలో రాజుగారి కబురు వచ్చింది. మేదినీవర్మ మహారాజు ఆమెను నూరుముంతల మండపానికి పిలిపించాడు. ఆ మండపంలో చందనపు బల్లల మీద మూడు వరుసల ముంతలు. వెనకటి వీరులు ముగ్గురు, ఒక్కొక్కరు నూరేసి జీవుల్ని పట్టి రాజుకు సమర్పించినవి. ముంతల మెడలకు బంగారు తీగ చుట్టి ఉంది.

"నీ లెక్క ఎంత?" అన్నాడు రాజు.

"తొంభై తొమ్మిది మహారాజా."

"ఒక్కటే కొరత. పౌర్ణమి పొద్దు గూకేలోగా నూరూ తెచ్చావంటే నాలుగో వరుస నీది. సింహద్వారం మీద నీ పేరు చెక్కిస్తాను. తేలేదా, ఏడాది తిరక్కుండా నిన్నూ మరిచిపోతారు. జనం సంగతి నాకు తెలుసు."

ఆ చివరి మాట ముల్లులా దిగింది.

నూరోది ఏదో అందరికీ తెలుసు. దాని పేరు మంచుపింఛం. తెల్లటి నెమలిలా ఉంటుందంటారు. చూసినవాళ్ళు తక్కువ, పట్టినవాళ్ళు ఇంకా తక్కువ. నూకాలు పన్నెండు రోజులు వెతికింది. ఈక కూడా కనబడలేదు. చంద్రుడు రోజురోజుకీ నిండుతున్నాడు. ఆమె మాత్రం రోజురోజుకీ చిక్కిపోతోంది.

పౌర్ణమి నాటి ఉదయం రానే వచ్చింది. నూరోది దొరికినా దొరక్కపోయినా మిగతావాటిని తుడిచి సిద్ధం చేద్దామని నూకాలు అటక ఎక్కింది. ఒక్కొక్క ముంతనూ దుమ్ము దులిపి, అరచేతిలో పెట్టుకుని చూసింది. వెచ్చగా ఉంది. ఇదీ వెచ్చగా ఉంది. ఇదీ.

మూలనున్న చిన్న ముంత దగ్గర ఆమె చెయ్యి ఆగిపోయింది.

అది వెచ్చగా లేదు. అలాగని చల్లగానూ లేదు. పొయ్యి ఆర్పిన చాలాసేపటికి గచ్చు ఎలా ఉంటుందో, అలా ఉంది.

అది బుడగమూతి ముంత. బుడగమూతి అంటే కప్పకు తక్కువ, చేపకు ఎక్కువ. నోటితో నీటిబుడగలు ఊదడం తప్ప దానికి మరో విద్య రాదు. కానీ పదహారో ఏట నూకాలు ఇల్లు విడిచినప్పుడు వెంట ఉన్న ఒక్క జీవీ అదే. కొండదారిలో ఆమె భయపడి ఏడిస్తే, ముక్కు మీద బుడగ ఊది నవ్వించింది. తరవాత నిప్పుతోక ముంగిస దొరికింది, ఉరుము దున్న దొరికింది. కావడిలో చోటు చాలక బుడగమూతి అటక ఎక్కింది. అప్పుడే మూడేళ్ళు దాటింది.

నూకాలు అటక దిగి, కావడిలో ఉన్న ముంగిస ముంత ముందు కూలబడింది. "దీనికేమైంది? నీకు తెలుసా?"

లోపలినుంచి సన్నటి గొంతు వచ్చింది. "తెలుసు. దాని ఊపిరి దాని వాగులో ఉంది. ఏడాదికోసారైనా ఆ నీళ్ళు తగలాలి."

"మరి చెప్పలేదేం?"

"నువ్వు అడిగిందెప్పుడు? 'ఈ దెబ్బ కొడతావా, ఆ దెబ్బ కొడతావా' అని తప్ప?"

నూకాలు తల వంచుకుంది. "ఇక్కడే మూత తీసి బిందెలో వదిలితే?"

"ఆ కాస్తా ఆరిపోతుంది. చిలకలవాగు ఆరు కోసులు. ఇప్పుడే బయలుదేరితే మధ్యాహ్నం దాటేసరికి చేరతావు. అప్పటిదాకా అది ఉంటుందో ఉండదో నేను చెప్పలేను."

నూకాలు ఆ చిన్న ముంతను పొట్టకు ఆనించి, పైటతో గట్టిగా బిగించి కట్టుకుంది. ఒంటి వేడి తగలాలని. కావడి భుజానికెత్తుకుని గడప దాటుతుంటే పెద్దమ్మ, "ఇవాళ పౌర్ణమే, రాజుగారి దగ్గరికి వెళ్ళొద్దటే?" అని కేకేసింది. నూకాలు వినిపించుకోలేదు.

రెండు కోసులు నడిచిందో లేదో, రేవు దగ్గర గవర్రాజు కావడితో అడ్డంగా నిలబడ్డాడు.

"ఆగు. ఆ రోజు నా దున్నకు జ్వరం. మళ్ళీ తేల్చుకుందాం, ఇక్కడే, ఇప్పుడే."

"రేపు రా అన్నా. ఇవాళ కుదరదు."

"కుదరదా, భయమా? పారిపోయావని ఊరంతా చెబుతాను."

పన్నెండు రోజుల క్రితమైతే ఆ మాటకు నూకాలు కావడి దించేసేదే. ఇప్పుడు ఆమె చెయ్యి పైట కిందికి వెళ్ళింది. ముంత ఇందాకటికన్నా చల్లబడింది.

"చెప్పుకో. దారి ఇయ్యి చాలు" అని పక్కనుంచి నీళ్ళలోకి దిగిపోయింది.

నాలుగో కోసు దగ్గర సంత. నూకాలును ఎవరో గుర్తుపట్టారు. అంతే, ఈగల్లా మూగారు. మెడలో దండ వేశారు. చేతుల్లో చంటిపిల్లను పెట్టి దీవించమన్నారు. బెల్లం వర్తకుడొకడు గంప బోర్లించి, "ఎక్కి నిలబడమ్మా, మా అందరికీ ఆ ఉరుము దున్నను ఒక్కసారి చూపించు. ఎంతసేపు పని?" అన్నాడు.

"అయ్యా, నా దగ్గర ఒక ప్రాణి పోయేలా ఉంది. వదలండి."

"ఏ ప్రాణి? ఆ పిసరంత ముంతా? దాని కోసమా ఇంత హడావిడి?"

నూకాలు దండ తీసి బెల్లం గంప మీద పెట్టి, జనంలోంచి తోసుకుంటూ నడిచింది. వెనకనుంచి, "గెలవగానే కళ్ళు నెత్తికెక్కాయి" అని ఒకరన్నారు. "నిన్నటిదాకా ఈమె ఎవరో కూడా తెలియదు" అని ఇంకొకరన్నారు. ఆమె అడుగు తడబడింది, కానీ ఆగలేదు.

ఐదో కోసు దాటాక కొండ మలుపు. ఎండ మాడుస్తోంది. మనిషన్నది లేదు. నూకాలు మలుపు తిరిగి, ఉన్నచోటే నిలబడిపోయింది.

దారి మధ్యలో మంచుపింఛం కూర్చుని ఉంది.

పిల్లలూ, తెల్లదనమంటే అది. బూడిద కాదు, సున్నం కాదు. ఆ ఎండలో కూడా దాని చుట్టూ చలిగాలి తిరుగుతోంది. తల పక్కకు వంచి నూకాలు కేసే చూస్తోంది, పారిపోవడం లేదు.

"చూశావా?" అంది ముంగిస మెల్లగా.

మంచుపింఛాన్ని పట్టే ఉపాయం ఒకటే. ఖాళీ ముంత ఎదుట పెట్టి, కదలకుండా, మెదలకుండా ఒక జాము కూర్చోవాలి. అది తనంతట తానే వచ్చి దూరుతుంది. తరవాత పరుగెత్తితే పొద్దు గూకేలోగా కోటకు చేరవచ్చు. సింహద్వారం మీద పేరు. నాలుగో వరుస.

ఇక్కడ నేను అబద్ధం చెప్పను. నూకాలు కావడి దించింది. ఖాళీ ముంత తీసి దారిలో పెట్టింది. దాని ఎదుట కూర్చుంది కూడా. మంచుపింఛం ఒక అడుగు ముందుకు వేసింది.

నూకాలు ఊపిరి బిగబట్టింది. ఒక జామే కదా. ఇన్నేళ్ళు ఉన్నది ఒక జాము ఉండదా? ఏమో, ఉంటుందేమో. ఉండకపోతే? చెయ్యి కదిపి చూస్తే పక్షి ఎగిరిపోతుంది. చూడకపోతే తెలియదు. పక్షి రెండో అడుగు వేసింది.

పొట్ట దగ్గర ఏదో చల్లగా తగిలింది. చెమటో, ముంతో తెలియలేదు. ఆ తెలియకపోవడమే నూకాలు భరించలేకపోయింది. చెయ్యి పైట కిందికి పోనిచ్చింది.

మంచుపింఛం రెక్క విప్పింది. కొండ మీదుగా మబ్బులా సాగిపోయింది.

నూకాలు దాని వైపు చూడలేదు. ఖాళీ ముంతను దారిలోనే వదిలేసి, కావడి ఎత్తుకుని పరుగందుకుంది. రాళ్ళు కాళ్ళకు గుచ్చుకున్నాయి. "ఉన్నావా? ఉన్నావా?" అని పొట్టకేసి చూసి అడుగుతూనే ఉంది.

చిలకలవాగు చేరింది. నడుములోతు నీళ్ళలోకి దిగి, పైట ముడి విప్పి, మూత ఊడదీసి, ముంతను నీళ్ళలో ముంచి పట్టుకుంది.

ఏమీ బయటికి రాలేదు.

నీళ్ళు ముంతలోకి పోయాయి, బయటికి వచ్చాయి. ఒక ఆకు కొట్టుకొచ్చి ఆమె మణికట్టుకు తగిలి పోయింది. "నాదే తప్పు, నాదే తప్పు" అనుకుంటూ నూకాలు అలాగే నిలబడింది.

చాలాసేపటికి ముంత మూతి దగ్గర ఒక బుడగ లేచింది. ఆవగింజంత. పేలిపోయింది. తరవాత ఇంకొకటి, శనగగింజంత. ఆ తరవాత రెండు కళ్ళు బయటపడ్డాయి. బుడగమూతి పాకుతూ వచ్చి, ఆమె వేళ్ళ సందున ఒరిగింది.

"ఇంత ఆలస్యమా?" అంది నీరసంగా.

"అవును. చాలా ఆలస్యం" అంది నూకాలు. ఏడుపు ఆగలేదు. పడమట పొద్దు వాలిపోతోంది.

మర్నాడు నూకాలు మండపానికి వెళ్ళింది. రాజు ఉన్నాడు, మంత్రులున్నారు, గవర్రాజూ ఉన్నాడు.

"గడువు దాటింది. తొంభై తొమ్మిదితోనే వచ్చావా?" అన్నాడు రాజు.

"లేదు మహారాజా. ఇప్పుడు తొంభై ఎనిమిదే. ఒకటి దాని వాగులోనే ఉండిపోయింది. ఇక ముందు ఇంకా తగ్గుతాయి. దేని చోటికి దాన్ని తీసుకెళ్ళి, నాతో మళ్ళీ వస్తావా అని అడుగుతాను. రానన్నదాన్ని వదిలేస్తాను."

జరిగిందంతా దాచకుండా చెప్పింది. దారిలో కూర్చున్న సంగతి కూడా చెప్పింది.

"ఏమిటీ, మంచుపింఛాన్ని వదిలేశావా? దేనికోసం? ఆ జీవి నిప్పు చిమ్ముతుందా?"

"లేదు మహారాజా. బుడగలు ఊదుతుంది."

సభ ఘొల్లుమంది. గవర్రాజైతే కడుపు పట్టుకున్నాడు. రాజు కూడా నవ్వబోయి, "అయితే ఈ ముంతలు చల్లబడతాయంటావా?" అంటూ పక్కనున్న చందనపు బల్ల మీది ముంతపై అలవోకగా చెయ్యి వేశాడు.

వేసిన చెయ్యి తియ్యలేదు.

రెండో ముంత మీద వేశాడు. మూడో ముంతను రెండు చేతులతో పట్టుకున్నాడు. నవ్వులు ఒక్కొక్కటే ఆగిపోయాయి. రాజు లేచి వరుస వెంట నడవసాగాడు. మొదటి వరుస చివరిదాకా వెళ్ళి, తిరిగి వచ్చి, "ఒక్కటీ వెచ్చగా లేదు" అన్నాడు. మూడో వరుస దగ్గర మాత్రం, "దీనిలో ఇంకా కాస్త ఉంది. దీనిలోనూ ఉంది" అన్నాడు.

అప్పటికే గవర్రాజు సభలో లేడు. తన ఇంటి అటక వైపు పరుగెత్తాడు.

"నూకాలూ, వీటిలో ఏది ఏ వాగుదో, ఏ కొండదో నీకు తెలుస్తుందా?" అన్నాడు రాజు.

"కొన్ని తెలుసు. తెలియనివాటిని వాటినే అడుగుదాం."

"నీ పేరు ద్వారం మీద చెక్కించడం తరవాత చూద్దాం. ముందు నువ్వు నడువు. నేను కావడి పడతాను."

బంగారు తీగలు విప్పడానికే ఒక పూట పట్టిందట. ఆ తరవాత మబ్బుకోటలో ఎవరు పోటీ గెలిచినా, మర్నాడు పొద్దున్నే అటక ఎక్కి ముంతలన్నీ చేత్తో పట్టి చూసుకోవడం ఆచారమైంది. మొదటి వరుస ముంతల సంగతి మాత్రం అడగకండి. కొన్నిటికి సమయం మించిపోతుంది.

సరే, లేవండి. పొద్దుపోయింది, ఇళ్ళకి వెళ్ళి అన్నాలు తినండి. అంతకు ముందు దూడకి కుడితి పెట్టారో లేదో, కోళ్ళు గూటికి చేరాయో లేదో చూసుకుని కంచాల ముందు కూర్చోండి. ఒక్క మాట గుర్తుంచుకోండి: పట్టి తెచ్చుకున్న ప్రాణి బాగోగులు రోజూ చూసుకునేవారిదే అసలైన గెలుపు.