ఏటిని నిలబెట్టిన తవిటమ్మ

అనగనగా, కాకులింకా తెల్లగా ఉండే రోజుల్లో, కొండలు సాయంత్రం పూట నాలుగడుగులు నడిచొచ్చే రోజుల్లో, అద్దాలకొండ అని ఒక కొండ ఉండేది. ఎంత ఎత్తంటారా? చందమామ పోతూ పోతూ దానికి వీపు రుద్దుకునేవాడు.

ఆ కొండ మీద గడియలు కట్టేవాళ్ళ కూటం ఒకటి ఉండేది. పొద్దు పొడవగానే అద్దంలా మెరిసే పలుగురాయిని ఎండకి పట్టి మంత్రం చదివితే, ఒక గడియ కాలం ఈగలా వెళ్ళి అందులో చిక్కుకునేది. మళ్ళీ ఆ గడియని బయటికి వదిలి, రాయిని దేనికి చూపిస్తే అది ఆగిపోవాలి. దూకే పులైనా, పడే పిడుగైనా. అదీ వాళ్ళ విద్య.

మరి వదిలిందెవరు? వాడితే తరిగిపోతాయని వెయ్యేళ్ళుగా ఒక్కటీ వదల్లేదు. చెక్కడం, సాన పట్టడం, పెట్టెలో పెట్టడం. కూటం పెద్ద కూర్మన్న ప్రతి రాయినీ కంటికి ఆనించుకుని చూసి ఒకటే మాట అనేవాడు:

“మచ్చలేని రాయి పెట్టెకి. బీటవారిన రాయి పెంటకి.”

ఆ పెంట ఎత్తిపోసేది తవిటమ్మ. ముందు పుట్టిన పిల్లలు దక్కలేదని, ఈమెని పుట్టగానే గుప్పెడు తవుడికి పక్కింటికిచ్చి మళ్ళీ తెచ్చుకున్నారు. అందుకే ఆ పేరు. నలభయ్యేళ్ళు ఊడ్చింది. ఒక్కనాడూ కూర్చోలేదు. ఆమె ఊడ్చిన ఊడ్పుకి కొండే రెండు మూరలు పొట్టిదైంది.

ఒకరోజు బీటవారిన రాయి ఒకటి ఆమె బొటనవేలి కింద నలిగింది. ఎదురుగా పొయ్యి మీద గంజి పొంగుతోంది. పొంగిన గంజి పొంగినట్టే కుండ అంచున నిలబడిపోయింది!

“ఓలమ్మో, బీటలోంచి గడియ కారతంది!” అంది తవిటమ్మ.

నిండు గడియ కాదు, పది ఊపిర్ల కాలం. అయినా పారబోయడానికి ఆమెకి చేతులు రాలేదు. కూర్మన్నకి చెప్పబోయింది.

“పెంట సంగతులు నాకెందుకే? మచ్చలేని రాయి పెట్టెకి, బీటవారిన రాయి పెంటకి. పో, ఊడ్చు!”

పోయి ఊడ్చింది. ఆనాటి నుంచి వచ్చిన బీటరాళ్ళన్నీ మాత్రం బుట్టలో దాచుకుంటూ వచ్చింది.

కొండ కింద, ఏటి ఒడ్డున, నేరేళ్ళవలస. మూడొందల గడప. కూటంవాళ్ళ ఇళ్ళూ అక్కడే, తవిటమ్మ కూతురు అసిరమ్మ ఇల్లూ అక్కడే. అసిరమ్మ అప్పటికి నిండు చూలాలు.

ఆ ఏడు వానాకాలంలో ఏడు మేఘాలు ఒక్కచోటే చిరిగాయి. మిట్టమధ్యాహ్నం ఏరు మూడు తాటిచెట్ల ఎత్తు లేచి వలస మీదికి బయల్దేరింది. జనం కొండెక్కాలంటే మూడు గడియలైనా పడుతుంది. ఏరు చూస్తే మూడొందల రెప్పపాట్ల దూరంలో ఉంది.

కొండ మీద కూర్మన్న పెట్టె తెరిచాడు. మచ్చలేని రాయిని ఏటికి చూపించి నొక్కాడు. ఏరు ఆగలేదు. సుత్తితో కొట్టాడు. సుత్తి విరిగింది. రెండో సుత్తి విరిగింది. మూడో సుత్తి విరిగి ఆయన బొటనవేలు చితికింది.

“రాదేంటిరా గడియ!”

“ఎలగొస్తాది బాబూ?” అంది తవిటమ్మ. “దూరిన కాలం బయటికి రావాలంటే సందుండాల కదా. ఆ సందునే కదా మీరు వెయ్యేళ్ళూ సాన పట్టి పూడ్చేసినారు!”

కూర్మన్న నోరు తెరిచాడు. ఆ నోట్లో ఏనుగు దూరి, చెవులు విసురుకుని మరీ బయటికొచ్చేది.

తవిటమ్మ బుట్ట నెత్తినెత్తుకుని మూడంగల్లో కొండ దిగింది.

గుప్పెడు రాళ్ళు నలిపి ఏటికి చూపించింది. “ఆగు!” ఏరు గోడలా నిలబడింది. నీళ్ళలో చేపలు నోళ్ళు తెరుచుకుని చూస్తున్నాయి. పిల్లలు కొండెక్కారు.

ఇంకో గుప్పెడు. “ఆగు!” గొడ్లెక్కాయి, ముసలివాళ్ళెక్కారు. కూర్మన్న అత్త బంగారమ్మ మాత్రం ఊరగాయ జాడీ కోసం వెనక్కి తిరిగింది.

“జాడీ ఒగ్గేయ్, ముసలీ!”

“నీ ఏటిని ఇంకాసేపు పట్టుకోవే! మూడేళ్ళ ఊరగాయ!”

“నీ ఊరగాయకి నా ఏడాది రాళ్ళు అయిపోనాయే!”

మూడో గుప్పెడు. అదే ఆఖరు. అందరికన్నా వెనక అసిరమ్మ, ఒక చెయ్యి కడుపు మీద, ఒక చెయ్యి నడుం మీద.

“అమ్మా, నా వల్ల కాదే. నువ్వెళ్ళిపో.”

“నోర్ముయ్యే గుంటా. నువ్వు అడుగెయ్. ఏటి సంగతి నాను సూసుకుంటాను.”

తవిటమ్మ ఏటి వైపే చూస్తూ, కూతురిని వీపుతో నెడుతూ, వెనక్కి వెనక్కి కొండెక్కింది. ఆఖరి రాయి నలిగిపోయింది. ఇంకొక్క అడుగు ఉంది. ఏరు కదిలింది.

తవిటమ్మ బుట్ట బోర్లించి ఏటి మొహాన దులిపింది. రాళ్ళ పొడి! అందులో ఒక్క రెప్పపాటు కాలం. ఆ రెప్పపాటులో అసిరమ్మ కాలు బండ మీద పడింది. ఏరు తల్లీకూతుళ్ళ మడమలు తడిపి పక్కనుంచి పోయింది.

ఇళ్ళు పోయాయి. ప్రాణం మాత్రం ఒక్కటీ పోలేదు, కోడిపిల్లది కూడా. ఆ బండ మీదే అసిరమ్మకి ఆడపిల్ల పుట్టింది. అది ఏడ్చిన ఏడుపుకి ఏరు జడుసుకుని మూడామడలు వెనక్కి తగ్గింది.

కూర్మన్న తలపాగా తీసి తవిటమ్మ ముందు వంగాడు. “తల్లీ, పెట్టెలన్నీ నీవే. ఇంకేం కావాలో అడుగు.”

“ఆ రాళ్ళు నాకేటికి బాబూ? నలభయ్యేళ్ళయినాది కూకుని. ఒక్క గడియ కూకుంటాను. నన్నెవరూ లేపకండి.”

కూర్చుంది. ఆమె కూర్చున్నాక జనమంతా కూర్చున్నారు. గొడ్లు పడుకున్నాయి. కూర్మన్న అందరికన్నా కింద, బురదలో కూర్చున్నాడు.

ఆ తర్వాత తవిటమ్మ నూట నలభై మూడేళ్ళు బతికి కన్నుమూసింది. ఇప్పటికీ ఆ సీమలో తొలి వరద వచ్చిన రోజు, మిట్టమధ్యాహ్నం, ఎక్కడి పని అక్కడ వదిలేసి ఒక గడియ కూర్చుంటారు. దాన్ని తవిటమ్మ గడియ అంటారు. ముందు ఊడ్చేవాళ్ళు కూర్చోవాలి. వాళ్ళ తర్వాతే పెద్దలు.

ఒకసారి రాజెవరో గుర్రమెక్కి అటు వచ్చి, “లేవండ్రా, దారివ్వండి!” అని అరిచాడు. చీపురు ఒళ్ళో పెట్టుకున్న ఒకామె కూర్చున్న చోటునుంచే అంది:

“ఏరే ఆగినాది బాబూ, నువ్వాగలేవా?”

రాజు గుర్రం దిగి కూర్చున్నాడు.