ఎనిమిది రోజుల కీ

డాక్టరు చెప్పినదానికి నా తెలివి కొంచెం కలపకుండా మందు మింగడం నాకు చేతనయ్యేది కాదు. లోకం దీన్ని పొగరంటుంది. నేను బాధ్యత అనుకునేవాణ్ణి.

అప్పట్లో ఆదోనిలో గఫార్ ఉస్తాద్ దగ్గర గడియారాల పని నేర్చుకుంటున్నాను. హైస్కూలు పరీక్ష హాల్లో గోడ గడియారం ఆగిపోయింది. సోమవారం నుంచి పదో తరగతి పరీక్షలు. "ఆదివారం సాయంత్రానికల్లా ఆడిస్తాను సార్" అని హెడ్మాస్టరుకు మాటిచ్చింది ఉస్తాద్ కాదు, నేను. రెండేళ్ల విద్యలో నా మొదటి సొంత పని అది.

మూడు రోజులు వంగి కూర్చునేసరికి మెడ పట్టేసింది. డాక్టరు పారాసిటమాల్ రాశాడు. మామూలుది కాదు, కడుపులో మెల్లగా కరుగుతూ ఎనిమిది గంటలు పనిచేసే రకం.

"నలగ్గొట్టొద్దు, నమలొద్దు. నీళ్లతో అట్లాగే మింగు. ఎనిమిది గంటలకొకటి, రోజుకు మూడు దాటకూడదు" అన్నాడు.

ఎనిమిది గంటల మందును పొడి చేస్తే బలమంతా ఒక్కసారే వస్తుంది గదా అని నాకు తోచింది. ఇంత చిన్న సంగతి అంత చదివిన మనిషికి తట్టనందుకు జాలి కూడా వేసింది.

ఆదివారం పొద్దున ఇత్తడి సుత్తితో మాత్రను పొడి చేసి టీలో కలుపుతుంటే ఉస్తాద్ వచ్చాడు.

"ఎన్నోది?"

"లెక్కపెట్టలేదు ఉస్తాద్."

మాత్రల అట్ట తీసి వెలుతురుకు పెట్టి చూశాడు. "నిన్న పొద్దున తెచ్చినావు. పదిట్లో ఒకటి మిగిలింది. మరి ఈ ఇంకో అట్ట ఏంది?"

"జలుబుది. తుమ్మితే స్క్రూలు ఎగిరిపోతున్నాయని..."

కంటికి భూతద్దం బిగించుకుని ఆ అట్ట మీది చిన్నక్షరాలు చదివాడు.

"దీంట్లోనూ అదే ఉంది గదరా, పారాసిటమాల్!" టీ గ్లాసు ఎత్తి మోరీలో పారబోశాడు. "లే. ఆస్పత్రికి పోదాం."

"బాగానే ఉన్నాను ఉస్తాద్. కొంచెం వికారం, అంతే. ఈ గడియారం ఆడకుండా లేవను."

"లేవవా?"

"ప్రాణం పోయినా లేవను."

ఆయన గోడ మీద ఉన్న తన సొంత గడియారం దించాడు. ఒకసారి కీ ఇస్తే ఎనిమిది రోజులు నడిచేది. ప్రతి శుక్రవారం నమాజు నుంచి వచ్చి తానే కీ ఇచ్చేవాడు. నన్ను దుమ్ము కూడా తుడవనిచ్చేవాడు కాదు.

నిండా కీ ఇచ్చాడు. బల్ల మీద పెట్టి వెనక మూత తీశాడు. చక్రాన్ని టిక్కుకొక పన్ను చొప్పున వదిలే కొక్కెం ఒకటుంటుంది. దాని స్క్రూ విప్పడం మొదలుపెట్టాడు.

"ఉస్తాద్, ఏం చేస్తున్నారు! స్ప్రింగు నిండుగా ఉంది. కీ దించకుండా అది తీస్తే..."

"తీస్తే?"

తీసేశాడు.

చక్రాలు గుయ్యిమన్నాయి. ముళ్లు గిర్రున తిరిగాయి. గంటలు ఒకదాని మీద ఒకటి పడి పిచ్చిగా మోగాయి. నేను చూస్తుండగానే ఎనిమిది రోజులూ అయిపోయాయి. ఎక్కడో ఒక పన్ను విరిగి టంగున బల్ల మీద పడింది. ఆ తర్వాత చప్పుడు లేదు.

ఉస్తాద్ ఆ ఇత్తడి ముక్క తీసి నా అరచేతిలో పెట్టాడు.

"ఈ చక్రం హైదరాబాదులో దొరుకుతుంది బేటా."

నేను లేచాను.

ఆస్పత్రిలో రక్తం తీశారు, సెలైనులో విరుగుడు ఎక్కించారు. "లివరు పాడవుతున్నా మొదటి రోజు మనిషికి ఏమీ తెలియదు. బాగానే ఉన్నామని ఇంట్లో కూర్చున్నవాళ్లే ఆలస్యంగా వస్తారు" అన్నాడు అక్కడి డాక్టరు. నా వైపు చూసి కాదు, ఉస్తాద్ వైపు చూసి అన్నాడు. రెండు రోజులు మంచం దిగనివ్వలేదు.

సోమవారం పరీక్ష హాల్లో గడియారం ఆడింది. ఆడించింది నేను కాదు.

ఇప్పుడు మాత్రను పొడి చేయను. వేసుకున్న టైము కాగితం మీద రాసుకుంటాను. కొత్త మందు ఏది కొన్నా అందులో ఏముందో షాపతన్ని అడిగాకే ఇంటికి తెస్తాను. మెడ నొప్పి మొదలైనప్పుడు పని పక్కన పెట్టి లేవడం మాత్రం నాకింకా రాలేదు.