అత్తగారి పటానికి మూడు దండలు

అనగనగా ఒక ఇల్లు. ఆ ఇంట్లో ఒక గోడ. ఆ గోడకి బుల్లి మేకు, ఆ మేకుకి సుభద్రమ్మ గారి పటం. పెద్ద అద్దం పటం, దించాలంటే ఇద్దరు పట్టాలి. కళ్ళు మూసుకుని విను, మధ్యలో మంచినీళ్ళంటే కథ ఆపేస్తాను.

సుభద్రమ్మ ఆ ఇంటి అత్తగారు. నోరు పెద్దది, మనసు వెన్న. కోడలు నాగరత్నం కడుపుతో ఉండగానే పాపం పోయింది. పోయే ముందు, పుట్టబోయే బిడ్డకని పాత చీరలతో బొంత కుట్టి పెట్టింది. కొడుకు వీర్రాజు అమ్మ పటం కట్టించి, గోడకి తగిలించి, గంధపు దండ వేశాడు.

ఆ తర్వాత ఒకనాడు అన్నాలు తింటుంటే పటం ధభీమని పడింది. అద్దం భళ్ళుమంది. నాగరత్నం ముద్ద చేతిలోనే ఉండిపోయింది. పక్కింటి పేరమ్మ పరిగెత్తుకొచ్చి, మీ అత్తగారికి కోపం వచ్చింది, మర్యాద చాల్లేదు అని తేల్చేసింది. పేరమ్మకి తెలియని సంగతి లేదు మరి. అప్పుడు వీర్రాజు కొత్త అద్దం వేయించి, అదే మేకుని అదే చిల్లులో పెట్టి రెండు దెబ్బలు వేశాడు. నాగరత్నం గుడ్డతో చేసిన లావుపాటి బంతిపూల దండ కూడా వేసింది.

ఆ తర్వాత పాప పుట్టింది. బారసాల నాడు చుట్టాలందరి ముందూ పటం మళ్ళీ పడింది. పేరు పిలవబోయిన నోళ్ళు తెరిచినవి తెరిచినట్టే ఉండిపోయాయి. ఒకసారి ఎదురు చెప్పానే, అది మనసులో పెట్టుకున్నారా అని నాగరత్నం కుమిలిపోయింది. మనవరాలిని ఆవిడ కళ్ళెదుటే ఉంచండి, కోపం దిగుతుందని పేరమ్మ చెప్పింది. అప్పుడు మళ్ళీ కొత్త అద్దం, అదే మేకు, అదే చిల్లు. పైన ఇంకో దండ, గాజుపూసలది. సరిగ్గా పటం కింద పాపకి ఉయ్యాల కట్టారు. వింటున్న నువ్వే ఉలిక్కిపడ్డావు, కట్టినవాళ్ళకి తోచలేదు చూడు.

ఒక పొద్దున పాప గుక్కపెట్టి ఏడ్చింది. నాగరత్నం ఎత్తుకుని ఇటు తిరిగిందో లేదో, పటం ఉయ్యాల్లో పడింది. పాప తల పెట్టుకునే చోట అద్దం పెంకులు. నాగరత్నం కొయ్యబారిపోయింది. కంట నీరు కూడా రాలేదు. వీర్రాజేమో, ఈ పటం ఇంట్లో వద్దు, గోదాట్లో కలిపేస్తానన్నాడు.

అప్పుడు నాగరత్నం ఉయ్యాల్లోకి చూసింది. పెంకులన్నీ అత్తగారు కుట్టిన బొంత మీదే ఉన్నాయి.

"ఆగండి. నా మీద కోపం ఉంటే ఉండొచ్చు. ఈ బొంత కుట్టిన మనిషి దీని మీద అద్దం పడేస్తుందా?"

పాపని మొగుడి చేతికిచ్చి, పీట ఎక్కి, గోడ చిల్లులో వేలు పెట్టింది. సున్నం బొలబొలా రాలింది. మేకు ఇటుక దాకా పోనే లేదు, పైపూతలోనే నిలబడింది. పడిన ప్రతిసారీ దానికి ఇంకో దండ బరువు! నాగరత్నం దండలు మూడూ ఒళ్ళో వేసుకుని అప్పుడు ఏడ్చింది.

"అత్తయ్యా, మీకు కోపం ఎక్కడిది? దండలు వేసి వేసి నేనే మిమ్మల్ని కిందికి లాగాను."

ఆ తర్వాత వీర్రాజు ఇంకోచోట ఇటుకలోకి తొలిచి, చింతచెక్క ముక్క బిగగొట్టి, చుట్టూ సిమెంటు మెత్తాడు. అది ఆరాక చెక్కలోకి పొడుగు మేకు దింపాడు. పటానికి వెనక ఉన్న పాత పురికొస తీసేసి ఇనప తీగ కట్టాడు. ముందు బియ్యం మూట వేలాడదీసి చూసి, అప్పుడు కొత్త అద్దం వేయించిన పటం పెట్టాడు. దండ ఒక్కటే, తేలికైన గంధపుది. ఉయ్యాల మాత్రం అవతలి గదిలోకి పోయింది. ఎంత గట్టి మేకైనా, పటం కింద పసిపాపని పడుకోబెడతామా?

పాప పెద్దయ్యాక, ఆ పటంలో ఆవిడెవరని అడిగేది. నీ బొంత కుట్టిన నాయనమ్మ అని నాగరత్నం చెప్పేది. కోపం మాట ఆ ఇంట్లో మళ్ళీ ఎవరూ ఎత్తలేదు.

కథేమో కంచికి, మనమేమో మంచానికి.
మేకేమో చెక్కలోకి, నిద్రేమో కళ్ళలోకి.