నిప్పూ నీళ్ళూ లేని శిక్ష

అనగనగా ఒక రాజు. పేరు కీర్తికేతుడు. ఆయన నోట్లోంచి వచ్చిన మాటే చట్టం. ఆ చట్టాలన్నిటిలోకీ గట్టిది ఒకటుంది: పొలిమేర రాయిని పెకలించినవాడికి ఎవరూ నిప్పు ఇవ్వకూడదు, నీళ్ళు ఇవ్వకూడదు. ఇచ్చినవాళ్ళకీ అదే శిక్ష.

ఆ రాజుకి ముగ్గురు కొడుకులు. కరాళుడనే మాంత్రికుడు పెద్దవాణ్ణి బండగా మార్చేశాడు. వెతకబోయిన రెండోవాణ్ణీ బండగా మార్చేశాడు. మూడోవాడు జయధరుడు. మాంత్రికుడి ప్రాణం చిలకలో ఉందని విని ఒక సముద్రం దాటాడు, రెండు దాటాడు, ఏడూ దాటాడు. అక్కడొక ముసలి తాబేలు అతన్ని చూసి నవ్వింది.

"పిచ్చినాయనా! ఇంటి దగ్గరున్నదానికి ఇంత దూరం వచ్చావా? ఆ చిలక మీ పొలిమేర రాయి కింద తొర్రలో ఉంది. ఎవరూ ముట్టుకోరని తెలిసే దాచాడు. మీ నాన్న చట్టమే వాడికి కాపలా!"

చూశారా వాడి తెలివి? జయధరుడు వెనక్కొచ్చాడు. తండ్రిని అడుగుదామంటే ఆయన సంగతి తెలుసు. అడక్కుండానే రాయి పెకలించి, చిలక మెడ నులిమాడు. మాంత్రికుడు నెత్తురు కక్కుకుని చచ్చాడు. అన్నలిద్దరూ లేచి కూర్చున్నారు.

రాజు కొడుకుని దగ్గరికి తీసుకోలేదు. "వీడికి నిప్పు లేదు, నీళ్ళు లేవు" అన్నాడు.

"మీ మాటే కదా చట్టం! మార్చండి నాన్నగారూ" అని అన్నలు కాళ్ళ మీద పడ్డారు.

"నిరుడు సింగమ్మ కొడుకు నాగలి తగిలి ఇంకో పొలిమేర రాయి ఊడింది. ఆవిడా ఇలాగే పడింది. నేను మార్చలేదు. వాడు దాహంతో పోయాడు. ఇప్పుడు నా కొడుకని మారిస్తే అది చట్టమా?"

ఒక రోజు గడిచింది, రెండు రోజులు గడిచాయి. మూడో రోజుకి జయధరుడి నాలుక పిడచకట్టుకుపోయింది. ఊరంతా తలుపులు వేసుకుంది. సింగమ్మ ఒక్కతే కడవ ఎత్తుకొచ్చి అతని నోట్లో నీళ్ళు పోసింది.

"నా బిడ్డకి ఎవరూ పొయ్యలేదు. నువ్వు తాగు నాయనా" అంది.

భటులు ఆమెను సభకి ఈడ్చుకొచ్చారు. రాజు ఆమె ముఖం చూడలేక తల దించుకున్నాడు. "ఇవాళ్టితో ఆ చట్టం రద్దు" అన్నాడు.

సభంతా జేజేలు కొట్టింది. సింగమ్మ కొట్టలేదు.

"ఒక్క మాటతో పోయేదేనా మహారాజా? మరి నిరుడు ఆ మాట ఎందుకు అనలేదు?"



జయధరుడికి పొరుగు రాజకుమారితో పెళ్ళయింది. అన్నలే దగ్గరుండి పట్టం కట్టారు. నలభై ఏళ్ళు చల్లగా ఏలాడు. ఆ రాజ్యంలో అందరూ సుఖంగా బతికారర్రా. సింగమ్మ ఊరికే బతికింది.