కుంకుమగొంతు పిట్ట పాట

అనగనగా సముద్రపు ఒడ్డున ఒక రాజ్యం. రాజ్యమున్నాక రాజుండడా? ఉన్నాడు. ఆయనకి ముగ్గురు కొడుకులు. పెద్దవాడు కత్తిసాములో దిట్ట. రెండోవాడు గుర్రపుస్వారీలో దిట్ట. మూడోవాడు కువలయుడు బెంగపడటంలో దిట్ట! ఉరిమితే చాలు, ఉలిక్కిపడేవాడు.

ఏడు సముద్రాల అవతల పచ్చదీవిలో మసిబొట్టు మాంత్రికుడు పొరుగు రాజు కూతురు వనమాలికని చెరబట్టాడు. విడిపించుకొస్తానని పెద్దవాడు వెళ్లాడు, రాలేదు. రెండోవాడు వెళ్లాడు, రాలేదు.

"నువ్వూ పోతే నన్ను అమ్మా అని పిలిచేదెవర్రా?" అని రాణి ఏడ్చింది.

"భయంగానే ఉందమ్మా. అన్నలేమయ్యారో తెలియకుండా ఇక్కడ కూర్చోవడం ఇంకా భయంగా ఉంది," అన్నాడు కువలయుడు.

ముసలి తాబేలొకటి జాలిపడి వీపెక్కించుకుంది. ఒక సముద్రం దాటింది, రెండు దాటింది, ఏడూ దాటింది. పచ్చదీవి ఒడ్డున దించి, ఎదుటి అడవిని చూపిస్తూ చెప్పింది:

"బాబూ, ఆ అడవిలో కుంకుమగొంతు పిట్టలున్నాయి. ముల్లోకాల్లో ఇంకెక్కడా ఆ జాతి లేదు. ఉన్నది ఒక్క జంటే. మగపిట్ట గొంతులో మాంత్రికుడి ప్రాణముంది. అది పాడిందా, వాడి ప్రాణం గాల్లో కలిసిపోతుంది. అందుకే దాన్ని బెదరగొట్టడానికి డోలు వాయిస్తూ తిరుగుతాడు."

"ఆ పిట్టని చంపేస్తేనో?"

"మీ అన్నలూ అలాగే కత్తి దూశారు. పోయి చూడు."

చూశాడు. కొండ అంచున ఒక చెట్టు కింద అన్నలిద్దరూ రాతిబొమ్మలై ఉన్నారు, ఎత్తిన కత్తులు ఎత్తినట్టే. పైకొమ్మన పిట్ట బిక్కుబిక్కుమంటోంది. దూరాన ఢమఢమమని డోలు. కువలయుడి గుండె అంతకన్నా గట్టిగా కొట్టుకుంటోంది.

"డోలు సంగతి నాకొదిలెయ్," అని ఒక ఉడుత తుర్రుమంది. కాసేపటికి డోలు తుస్సుమంది. అడవంతా నిశ్శబ్దం. అయినా పిట్ట పాడలేదు.

పండు చూపించాడు. పాడలేదు. ఈల వేశాడు. పాడలేదు. బతిమాలాడు. ఊహూఁ!

పక్కనే తనని బంధించిన ముళ్లకంచె వెనకనుంచి వనమాలిక గుసగుసలాడింది: "బాగుందయ్యా సంబడం! నడుముకి కత్తి వేలాడేసుకుని పాడమంటే ఎవరు పాడతారు? మీ కోటలో పాటగాళ్లని ఇలాగే పిలుస్తారా?"

అంతలో అడవి అదిరింది. "ఎవడ్రా నా డోలు కొరికించింది?"

కువలయుడి చెయ్యి కత్తిపిడి మీదికి పోయింది. ఉన్న ఆధారం అదొక్కటే మరి! ఒక్కసారి అన్నల రాతిచేతులు చూశాడు. గబాలున కత్తి విప్పి, కొండకింద సముద్రంలోకి విసిరేశాడు. ఒట్టి చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు. మాంత్రికుడి నీడ మీద పడింది. వాడి వేళ్లు జుట్టుకి తగిలాయి. కువలయుడు కదల్లేదు.

పిట్ట దిగింది. పెద్దన్న రాతిపిడికిలి మీద వాలింది. గొంతు సవరించుకుని, పాడింది!

మసిబొట్టు మాంత్రికుడు మసై రాలిపోయాడు. ముళ్లకంచె మల్లెపొదైంది. అన్నలిద్దరికీ ఊపిరొచ్చింది.

"ఏదిరా ఆ పిట్ట?" అని అరిచాడు పెద్దన్న.

"నీ చేతి మీదే ఉందన్నయ్యా. మెల్లిగా! ముందు ఆ కత్తి దించు!"

కువలయుడికీ వనమాలికకీ ఆ అడవి అంచునే పెళ్లయింది. మేళం మాత్రం లేదు, పిట్ట పాటే మేళం. వాళ్లు ఆ పచ్చదీవినే రాజ్యంగా చేసుకుని కలకాలం ఏలారు. దీవిలో గూళ్లు పెరిగాయి, గూళ్లలో కుంకుమగొంతులు పెరిగాయి. అంత పెద్ద మహారాజూ ఉరిమితే మాత్రం ఉలిక్కిపడుతూనే ఉండేవాడు, పిట్టలు బెదిరాయేమోనని.

పిట్ట కొమ్మకి చేరింది, కథ మనకి చేరింది.