పచ్చాకుల పొగ

చిదంబరయ్యగారిని ‘ఎప్పుడు’ అని అడిగితే ‘ఎవరు’ అన్నదానికి జవాబు చెప్పేవారు. ఆయన శిష్యుడు ఓంకారానికేమో తేదీల పిచ్చి. ఒక సాయంత్రం ఏటిగట్టున కూర్చుని అడిగాడు: “అయ్యా, సముద్రాలకవతలి ఆ దూరపు ఖండానికి తొలి మనుషులు ఎప్పుడు వెళ్ళారు? యాభై వేల ఏళ్ళని కొందరు, అరవై వేలని కొందరు అంటున్నారు. అసలు కంటికే ఆనని నేలకి ఎలా బయల్దేరారు?”

గురువుగారు ఒక తల్లి సంగతి చెప్పారు.

ఆమెది తెరిపిలేని వానల దీవి. అక్కడి అడవి తనంతట తాను అంటుకుని ఎరగదు. నిప్పు లేనిదే పొగ రాదని మనమంటాం. వాళ్ళు మనిషి లేనిదే నిప్పే రాదనుకునేవారు. దారి తప్పినవాడు మంటమీద పచ్చాకులు వేసి పొగపెడితే, అయినవాళ్ళు వెతుక్కుంటూ వెళ్ళేవారు. ఆమె కొడుక్కీ అదే నేర్పింది. చేపలకని వెళ్ళిన కొడుకుని వెదురుతెప్పతో సహా ప్రవాహం లాక్కుపోయింది. కళ్ళు కాయలు కాచేలా ఎదురుచూసింది. ఒకరోజు సముద్రపు అంచున, ఏ నేలా కనిపించనిచోట, పొగ లేచింది.

“నా బిడ్డ పిలుస్తున్నాడు,” అంది. అయినవాళ్ళు తెప్పలు కట్టారు.

చేరేసరికి కనుచూపుమేరా కాలిన నేల. రాళ్ళపొయ్యి లేదు, అడుగుల జాడ లేదు, తిని పారేసిన ముల్లయినా లేదు. పిట్టలు వీళ్ళని చూసి ఎగిరిపోకుండా కాళ్ళమధ్య తిరిగాయి. మనిషి అంటే ఏమిటో వాటికి తెలిస్తేగా భయపడడానికి. ఆమె కొడుకుని పేరుపెట్టి పిలిచింది. ఎంత పిలిచినా ఎవరూ పలకలేదు. మరి ఈ నిప్పు ఎవరు పెట్టినట్టు?

తిరిగిపోదామంటే ప్రవాహం ఎదురు. ఇంకా రగులుతున్న మొద్దుమీద ఆమె పచ్చాకులు వేసింది.

“ఎవరున్నారని పిలుస్తున్నావమ్మా?” అన్నాడు తోడొచ్చిన ముసలాయన.

“వాడింకా నీళ్ళమీదే ఉన్నాడేమో, మావా.”

ఎండిన నేల కావడంతో మంట కొండంతైంది. ఆ పొగ దీవికి కనబడింది. అవతల మనుషులున్నారని అక్కడివాళ్ళు మళ్ళీ తెప్పలు కట్టారు. వాళ్ళ వెనక ఇంకొందరు. తెప్ప ఒడ్డు తాకినప్పుడల్లా ఆమె పరుగున వెళ్ళి మొహాలు వెతికేది, తిరిగొచ్చి ఆకులు వేసేది. ఆమె పోయాక కూడా, ఎవరికోసమో తెలియకుండానే, ఆ ఒడ్డున పొగపెట్టడం ఎవరూ మానలేదు.

ఓంకారం తేదీల మాట మరిచిపోయాడు. ఏటికవతల, ఇళ్ళే లేని లంకలో, సన్నగా పొగ లేస్తోంది. అటు చూడలేక గురువుగారి వైపు తిరిగాడు.

“ఆ కొడుకు చివరికి వచ్చాడా, అయ్యా?”

“వాడు తప్ప అందరూ వచ్చారు, నాయనా.”